నడినెత్తిన కొప్పు

పిన్ని ముఖం మారిపోతోందని మొదట కనిపెట్టింది మా సంపాదకురాలు. ఆవిడ మా పిన్నిని ఎప్పుడూ చూడలేదు. బొమ్మల్లో చూసి చెప్పింది.

పిల్లల పుస్తకం అచ్చుకు వెళ్లాల్సిన వారం అది. పేజీలన్నీ తన బల్ల మీద పరిచి, కళ్లజోడు నుదుటి మీదకి తోసుకుని, "వీళ్లు ఎంతమంది?" అని అడిగింది.

"ఎవరండీ?"

"ఈ పిన్నులు. ఒకామెకి కొప్పు నెత్తిన ఉంది, ఇంకొకామెకి మెడ మీదకి జారింది. ఈమె నవ్వుతోంది, ఈమె పళ్లు కొరుకుతోంది. ఇదిగో, ఈమెకైతే ఒక కన్నే తెరుచుకుంది. నీకు ఒక్కతే పిన్ని అన్నావు. ఈ అక్కచెల్లెళ్లంతా ఎక్కణ్ణుంచి దిగారు?"

నవ్వాలో ఏడవాలో తెలియలేదు. ఆ బొమ్మలు నేను చేత్తో గీసినవి కావు. నాకు గీత తిన్నగా గీయడం కూడా రాదు. కథ నాది, బొమ్మ యంత్రానిది. కంప్యూటర్లో మాటలు రాసి, పక్కన ఒక ఫొటో పెడితే అది కార్టూన్ బొమ్మ చేసి ఇస్తుంది. ఒక్క బొమ్మ కావాలంటే దాన్ని మించిన పనివాడు లేడు. అదే మనిషి రెండో పేజీలో కూడా కావాలన్నామా, ఇక మన పని అయిపోయినట్టే. దానికి నిన్నటి సంగతి గుర్తుండదు. ప్రతిసారీ ఆ మనిషిని మళ్లీ కొత్తగా పుట్టిస్తుంది.

"సరిచేస్తానండీ," అన్నాను.

"శుక్రవారానికల్లా సరిచెయ్యి. పిల్లలకి ఒక మనిషి నచ్చాక, ఆ మనిషి తర్వాతి పేజీలో వేరే ముఖంతో వస్తే బెదిరిపోతారు. ఎందుకో చెప్పలేరు గానీ పుస్తకం మూసేస్తారు. నీవల్ల కాకపోతే చెప్పు, పిన్ని బదులు కుందేలును పెట్టేద్దాం. కుందేలు ముఖం మారిందని ఎవరూ పట్టుకోలేరు."

కుందేలట! గొడుగులు బాగుచేసే కుందేలు! మెట్లు దిగుతున్నంతసేపూ ఆవిణ్ణి తిట్టుకుంటూనే ఉన్నాను. అసలా పుస్తకం పేరే గొడుగు పిన్ని. మా పిన్నిని తీసేస్తే అందులో మిగిలేది అట్ట. ఆ ముఖం పోతే నాకా పుస్తకమే అక్కర్లేదు. అయినా భయం పట్టుకుంది. ఎందుకంటే ఆవిడ చెప్పింది నిజం, ఆ ముఖం నా చేతుల్లోంచి జారిపోతోంది, ఎలా ఆపాలో నాకు తెలియడం లేదు.

పిన్నంటే మా అమ్మ చెల్లెలు. అమ్మ పోయాక నన్ను తన దగ్గరికి తెచ్చుకుని పెంచింది. ఆమె పని గొడుగులు బాగుచేయడం. మా ఇంటి ముందుగదే దుకాణం. పైకప్పుకు కట్టిన తీగ మీద గొడుగులు గబ్బిలాల్లా తలకిందులుగా వేలాడుతుంటాయి. ఊచలు ఒక డబ్బాలో, స్ప్రింగులు ఒక డబ్బాలో, పిడులు ఒక బుట్టలో. ఎవరైనా విరిగిన గొడుగు పారేస్తామంటే ఆమెకి ఒళ్లు మండిపోతుంది. "పన్ను ఊడిందని మనిషిని పారేస్తామా?" అని దులిపేస్తుంది. ఆ దులపడం చూడ్డానికే వీధిలో పిల్లలు బాగున్న గొడుగులు కూడా పట్టుకొచ్చేవాళ్లు. పుస్తకం ఆలోచన నాకు వాళ్లను చూసే వచ్చింది.

వెనకగదిలో నేను, ముందుగదిలో ఆమె, మధ్యలో ఎప్పుడూ తెరిచే ఉండే తలుపు. నాకో అలవాటుంది. కంప్యూటర్లో ఏం రాసినా పైకి చదువుతూ రాస్తాను. చిన్నప్పుడు పాఠాలు కూడా అలాగే రాసేదాన్నని పిన్ని వెక్కిరిస్తుంటుంది.

వానలు మొదలైన రోజుల్లో పని మొదలుపెట్టాను. యంత్రం మర్చిపోకుండా ఉండాలంటే ప్రతి బొమ్మకీ ఒకే వర్ణన, అక్షరం మారకుండా ఇవ్వాలి. అలా ఒక పేరా తయారుచేసుకున్నాను. దాని పేరు పిన్ని పేరా. "యాభై దాటిన ఆడమనిషి. గుండ్రటి ముఖం, నిండు బుగ్గలు. నడినెత్తిన గట్టిగా బిగించిన కొప్పు. గుండ్రటి కళ్లద్దాలు. గడ్డం కింద కుడివైపు పుట్టుమచ్చ. నీలం గళ్ల కోటు, మూడు పెద్ద గుండీలు. నోరంతా తెరిచి నవ్వుతుంది."

మొదటిసారి వినగానే ముందుగదిలోంచి పిన్ని, "ఇదేంటే, తప్పిపోయినవాళ్ల ప్రకటనలా ఉంది! ఆచూకీ చెప్పినవాళ్లకి ఏమిస్తావు?" అంది.

"నువ్వు తప్పిపోతే కదా!"

"తప్పిపోయినా ఆ కొప్పు చూసి పట్టుకొచ్చేస్తార్లే. బస్సు దిగకముందే కనిపిస్తుంది."

నిజమే. పిన్ని కొప్పు అలాంటిది. పొద్దున్నే రెండు చేతులూ పైకెత్తి, నోట్లో జడపిన్నులు పట్టుకుని, నడినెత్తిన గోపురంలా నిలబెట్టేది. గాలివానలో గొడుగులు వంగాయి గానీ ఆ కొప్పు వంగడం నేను చూడలేదు.

మొదటి బొమ్మలు బ్రహ్మాండంగా కుదిరాయి. కొత్త భంగిమ కావాల్సి వచ్చినప్పుడల్లా పిన్నినే నిలబెట్టి ఫోన్లో ఫొటో తీసేదాన్ని. గొడుగు పట్టుకుని పరిగెత్తే పిన్ని, నిచ్చెనెక్కిన పిన్ని, పిల్లాణ్ణి దులిపేసే పిన్ని. ఫొటో పక్కన పేరా పెడితే చాలు, కార్టూన్ పిన్ని తయారు. పేజీల వరసలో కాకుండా నాకు సరదా పుట్టినవి ముందు చేసుకుంటూ పోయాను. చివరి పేజీ ముందయింది, మధ్య పేజీలు ఆఖర్న మిగిలాయి.

తర్వాత యంత్రానికి తిక్క మొదలైంది. ముందు కొప్పు. నడినెత్తిన అని రాసినా తల వెనక్కి పెట్టేది. గట్టిగా చెబితే ఒకసారి పైకి తెచ్చేది, మళ్లీ జార్చేసేది. తర్వాత నవ్వు. నోరంతా తెరిచి నవ్వే మనిషికి పెదవుల చివర్లు పైకి లేవకుండా, పంటినొప్పి దాచుకుంటున్నట్టు పెట్టేది. ఆ తర్వాత ఎడమ కన్ను. రెప్ప సగం వాలిపోయి ఉండేది. అన్నిటికన్నా పెద్ద తలనొప్పి చెయ్యి. చెప్పినా చెప్పకపోయినా గడ్డం కింద ఒక చెయ్యి తెచ్చి అతికించేది.

ఒకటి కడితే ఒకటి ఊడే బండిలా అయింది నా పని. పేరా పెరిగిపోయింది. "రెండు కళ్లూ సమానంగా తెరిచి ఉండాలి. కొప్పు జారకూడదు. చెయ్యి గడ్డం కింద పెట్టకూడదు. తల నిటారుగా ఉండాలి." రాస్తూ పైకే చదివేదాన్ని. చదవడమేంటి, అరిచేదాన్ని. "ఎన్నిసార్లు చెప్పాలి నీకు? రెండు కళ్లూ సమానం! అంత కష్టమా? చెయ్యి తియ్! గడ్డం కింద చెయ్యి తియ్!"

ముందుగదిలో సుత్తి చప్పుడు ఆగేది. కాసేపాగి మళ్లీ మొదలయ్యేది.

కుందేలు మాట విన్న రోజు ఇంటికి రాగానే, అత్త మీద కోపం దుత్త మీద చూపించినట్టు, సంపాదకురాలి మీద కోపమంతా యంత్రం మీద చూపించాను. పిన్ని టీ కప్పు తెచ్చి నా పక్కన పెట్టి, తెర వైపు చూసింది. తెర మీద ఒంటి కన్ను వాలిన కార్టూన్ పిన్ని.

"బాగానే ఉంది కదే," అంది. సాయంత్రం పూట ఆమె గొంతు ముక్కులోంచి వస్తోంది. జలుబని ముందే చెప్పింది.

"ఏం బాగు? ఈ కన్ను చూడు, నిద్రలో నడుస్తున్నట్టుంది."

ఆమె కళ్లద్దాలు తీసి కోటు అంచుతో తుడుచుకుంది.

"రేపు కొత్త ఫొటోలు తీస్తాను. ఫొటో మంచిదైతే మొండిఘటం దారికొస్తుంది," అన్నాను.

"పొద్దున్నే తియ్యి. పొద్దున వెలుతురు బాగుంటుంది. కుడివైపు నుంచి తియ్యి. నాకు కుడివైపే అందం."

"ఈ వయసులో అందం పిచ్చి పట్టిందా నీకు?"

"పుస్తకమెక్కుతున్నా కదా, ఆ మాత్రం ఉండదూ?" అని నవ్వింది. ఆ నవ్వులో ఏదో తక్కువైందని నాకు అనిపించలేదు. అనిపించి ఉండాల్సింది.

మర్నాడు తెల్లారగానే తీద్దామనుకుంటే నాకే ఆలస్యమైంది. ఫోన్ ఛార్జింగ్, అదీ ఇదీ అయ్యేసరికి మధ్యాహ్నం దాటింది. ఆ రోజు తీయాల్సింది పిన్ని టీ తాగుతూ కథ చెప్పే పేజీ. కిటికీ పక్కన కుర్చీ వేసి కూర్చోబెట్టాను. ఆమె ముందు సూదిలో దారం ఎక్కించుకుంటోంది. ఒక కన్ను మూసుకుని, సూదికి పక్కన గాల్లో గుచ్చుతోంది.

"ఇలా తే," అని లాక్కుని దారం ఎక్కించాను. "కళ్లద్దాలు మార్పించుకోమంటే వినవు."

"రెండు సూదులు కనిపిస్తున్నాయే. మంచిదేలే, ఒకటి పోయినా ఒకటుంటుంది."

ఇద్దరం నవ్వాం. "సరే, కప్పు ఎత్తు. తల నిటారుగా. చెయ్యి గడ్డం కింద వద్దు. ఆ, కళ్లు పెద్దవి చెయ్యి. రెండూ. నవ్వు."

ఆమె కప్పు ఎత్తింది. నేను ఫొటో నొక్కాను. ఒక గుక్క తాగింది, అంతే. టీ ముక్కులోంచి వచ్చేసింది. దగ్గు మొదలై ఆగలేదు. ముఖం నల్లబడిపోయింది. కప్పు నేల మీద పడి పగిలింది. నేను వీపు మీద కొడుతూ, "మెల్లిగా తాగలేవా? చూడు, గుండీలన్నీ తడిసిపోయాయి, ఈ ఫొటో పనికిరాదు," అన్నాను. ఆ మాట అన్నది నేనే. ఇప్పుడు తలుచుకుంటే నా నోటి మీద నేనే కొట్టుకోవాలనిపిస్తుంది.

దగ్గు ఆగాక ఆమె, "నవ్వొచ్చిందే, పొరపోయింది," అంది. తాగేటప్పుడు ఎవరూ నవ్వించలేదు. అది నాకు అప్పుడే తట్టింది గానీ, మనసు శుక్రవారం మీద ఉంది.

గురువారం ఆఫీసుకు వెళ్లి భూతద్దం దగ్గర కూర్చున్నాను. మా ఆఫీసులో పేజీలు కూర్చే ఆయన్ని అందరూ అలాగే పిలుస్తారు. పోయిన చుక్కను, ఎక్కువైన గుండీని పట్టుకోవడంలో ఆయన తర్వాతే ఎవరైనా. నా బొమ్మల్లో గుండీలు మూడున్నాయా నాలుగున్నాయా చూసి పెట్టేది కూడా ఆయనే.

"మొదట చేసినవి బాగొచ్చాయన్నారు కదా," అన్నాడు. "వాటికి ఏం ఇచ్చారో చూసి, పాడైనవాటికి కూడా అదే ఇద్దాం. ఏది ముందు చేశారు, ఏది తర్వాత?"

పేజీల వరసలో ఉన్న బొమ్మలన్నిటినీ తీసి, చేసిన వరసలో గోడ పొడుగునా టేపుతో అంటించాం. అంటిస్తున్నంతసేపూ ఆయన చమత్కారాలాడుతూనే ఉన్నాడు. చివరి బొమ్మ అంటించి వెనక్కి జరిగి చూశాక మాటలు ఆపేశాడు.

పేజీల వరసలో చూస్తే ఆ ముఖం ఇష్టమొచ్చినట్టు గెంతుతోంది. చేసిన వరసలో గెంతడం లేదు. కొప్పు గోడకి ఆ చివర నడినెత్తిన ఉంది, కొన్ని బొమ్మలయ్యాక తల వెనక్కి వచ్చింది, ఈ చివర మెడ మీద వేలాడుతోంది. బుగ్గలు తగ్గుతూ తగ్గుతూ వచ్చాయి. నవ్వు మెల్లగా ఆరిపోయింది. మధ్యలో ఎక్కడో చెయ్యి గడ్డం కిందకి వచ్చి, ఇక అక్కణ్ణుంచి కదల్లేదు.

"ఇది మెషీన్ తప్పు కాదండీ," అన్నాడు భూతద్దం నెమ్మదిగా. "మెషీన్ తప్పయితే అటూ పోతుంది, ఇటూ పోతుంది. ఇది ఒకటే దారిన పోతోంది. మీరిచ్చిన ఫొటోలు ఒకసారి చూపించండి."

నాకు చూపించాలనిపించలేదు. చూపిస్తే ఏం కనబడుతుందో అప్పటికే నాకు సగం తెలిసిపోయింది. ఫోన్ తీశాను. వానలు మొదలైనప్పటి ఫొటో, నిన్నటి ఫొటో పక్కపక్కన పెట్టాను.

నిన్నటి ఫొటోలో పిన్ని కోటు ఆమె మీద లేదు, కొక్కేనికి తగిలించినట్టుంది. మెడ సన్నబడింది. ఎడమ రెప్ప నల్లగుడ్డు సగం కప్పేసింది. నవ్వమంటే పెదవులు అడ్డంగా సాగాయే గానీ పైకి లేవలేదు. అంతకు ముందు ఫొటోల్లో చెయ్యి గడ్డం కింద ఉంది. ముచ్చట కోసం పెట్టుకున్న చెయ్యి కాదది. పడిపోతున్న దాన్ని పట్టుకుని ఉన్న చెయ్యి.

యంత్రం ఉన్నదున్నట్టు చేసింది. ఇన్నాళ్లూ అది చెబుతూనే ఉంది, నేను దాని నోరు నొక్కుతూనే ఉన్నాను. రోజూ చూసే ముఖం నాకు కనిపించలేదు. చంకలో పిల్లను పెట్టుకుని ఊరంతా వెతికినట్టు, పిన్నిని ఎదురుగా కూర్చోబెట్టుకుని పిన్ని ముఖం కోసం కంప్యూటర్లో వెతికాను.

"మీ పిన్నిగారు ఇంట్లో ఒక్కరే ఉన్నారా?" అన్నాడాయన.

సంచీ కూడా తీసుకోకుండా పరిగెత్తాను.

బస్సు కదలదు. ప్రతి కూడలిలో ఎర్రదీపమే. ఫోన్ చేస్తే ఎత్తలేదు. మళ్లీ చేశాను. మళ్లీ ఎత్తలేదు. టీ ముక్కులోంచి వచ్చింది గుర్తొచ్చింది. అన్నం సగంలో వదిలేసి, ఆకలి లేదని పళ్లెం తీసేసిన రోజులు గుర్తొచ్చాయి. నిచ్చెన పేజీకి ఫొటో తీసినప్పుడు, రెండో మెట్టు మీదే ఆగి, "ఇక్కణ్ణుంచే తియ్యవే, పైమెట్టుకి కళ్లు తిరుగుతాయి," అన్నది గుర్తొచ్చింది. ఆమెకి కళ్లు తిరగడమేంటి, పైకప్పు పెంకులు తనే సర్దుకునే మనిషి! ఒక్కటొక్కటీ పేరు పెట్టి పిలిచినట్టు వచ్చాయి. బస్సులో పక్కనున్నామె, "ఏమైందమ్మా?" అని అడిగింది. కిటికీ వైపు తిరిగి మళ్లీ ఫోన్ చేశాను.

తలుపు తీసే ఉంది. పిన్ని తన స్టూలు మీదే కూర్చుని ఉంది. ఒళ్లో తెరిచిన గొడుగు, చేతిలో సూది. మోచెయ్యి బల్ల మీద ఆనించి, గడ్డం అరచేతిలో పెట్టుకుని ఉంది. నన్ను చూడగానే గబుక్కున ఆ చెయ్యి తీసేసింది. తీయగానే తల ముందుకి వాలింది. మళ్లీ ఎత్తింది.

"ఫోనెందుకెత్తలేదు?" అని అరిచాను.

"చెయ్యి ఖాళీ లేదే."

"ఎన్నాళ్లనుంచి?"

"ఏమిటెన్నాళ్లనుంచి?"

"పిన్నీ, నా ముందు నాటకాలాడకు!"

ఆమె సూది గుడ్డకు గుచ్చి, గొడుగు మూసి, పక్కన పెట్టింది. కోటు గుండీలు పెట్టుకుంది. పై గుండీ పడలేదు, నేను పెట్టాను. ఎక్కడికని అడగలేదు. అడగకపోవడం చూసి నాకు ఇంకా భయమేసింది.

ఆస్పత్రిలో డాక్టరు నాకన్నా కాస్త పెద్దదేమో, అంతే. ముందు పిన్నిని పైకప్పు వైపు చూస్తూ ఉండమంది. పిన్ని చూసింది. మేం చూస్తుండగానే ఎడమ రెప్ప దిగడం మొదలైంది. కుడి రెప్ప కూడా కదిలింది. చేతులు ముందుకి చాపి ఉంచమంటే కాసేపటికే కిందకి వచ్చేశాయి. "ఒకటి నుంచి లెక్కపెట్టండి," అంటే, పది దాటేసరికి పిన్ని గొంతు ముక్కులోకి వెళ్లింది. ఇరవై దాటాక ఏ అంకె చెబుతోందో తెలియలేదు.

"ఇంతకు ముందు ఎలా ఉండేవారు?" అని డాక్టరు నన్ను అడిగింది.

నోరు తెరిచాను. నా ప్రమేయం లేకుండా మాటలు వచ్చేశాయి. "గుండ్రటి ముఖం, నిండు బుగ్గలు. నడినెత్తిన గట్టిగా బిగించిన కొప్పు. గుండ్రటి కళ్లద్దాలు. గడ్డం కింద కుడివైపు పుట్టుమచ్చ. నోరంతా తెరిచి..." అక్కడ ఆగిపోయాను. ముఖం చేతుల్లో దాచుకుని ఏడ్చేశాను.

డాక్టరు నా చేతికి మంచినీళ్లు ఇచ్చింది. ఫొటోలు చూపించాను. వరసగా అన్నీ చూసింది, ఏది పొద్దున తీశాను, ఏది సాయంత్రం తీశాను అని అడిగింది. తర్వాత మంచుముక్కలు గుడ్డలో చుట్టించి, పిన్ని ఎడమ కంటి మీద కాసేపు పెట్టి ఉంచింది.

గుడ్డ తీసింది. పిన్ని కన్ను తెరిచింది. పూర్తిగా, కుడికన్నుతో సమానంగా తెరిచింది. నేను వారాల తరబడి యంత్రంతో పోట్లాడి, అరిచి, బతిమాలి తెప్పించుకోలేకపోయిన చూపు. పిన్ని నావైపు చూసింది. మా పిన్నే. "పిన్నీ!" అని లేచి నిలబడ్డాను.

అప్పుడే రెప్ప మళ్లీ దిగడం మొదలైంది. నేను చూస్తూ నిలబడ్డాను. ఆపమని ఎవరికి చెప్పాలో తెలియలేదు.

"నరం చెప్పే మాట కండరానికి సరిగ్గా అందడం లేదనుకుంటున్నాను," అంది డాక్టరు. "పని చేసేకొద్దీ అలిసిపోతుంది, విశ్రాంతి ఇస్తే కొంచెం తేరుకుంటుంది. అందుకే పొద్దున బాగుంటారు, సాయంత్రానికి వాలిపోతారు. చల్లదనానికి లేచింది చూశారు కదా. రక్తపరీక్ష చేస్తే ఖాయంగా తెలుస్తుంది. మందులున్నాయి. కానీ మింగడం దాకా వచ్చింది. తర్వాత ఊపిరి మీదకి రావచ్చు. ఈవిణ్ణి ఇంటికి పంపను. ఇంకో వారం ఆలస్యమై ఉంటే..." అని నావైపు చూసింది.

వార్డులో కిటికీ పక్క మంచం ఇచ్చారు. నర్సు వచ్చి మాత్ర వేసి, ఊపిరి గట్టిగా ఊదే గొట్టమొకటి ఇచ్చి, పిన్ని చేత ఊదించి వెళ్లింది. సంపాదకురాలికి ఫోన్ చేసి చెప్పాను. "కుందేలు లేదు, ఏమీ లేదు," అంది. "పుస్తకం ఆగుతుంది. నువ్వక్కడే ఉండు."

నేను వచ్చి మంచం పక్కన కూర్చున్నాను. పిన్ని తలగడకి ఆనుకుని ఉంది. మంచం మీద ఎత్తు తక్కువైన తలగడ, తల నిలబెట్టుకోవడానికి అవస్థ పడుతోంది. చెయ్యి రెండుసార్లు గడ్డం దాకా వెళ్లి, నావైపు చూసి, మళ్లీ దుప్పటి మీదకి దిగిపోయింది.

"ఎందుకు చెప్పలేదు పిన్నీ?" అన్నాను. కోపం లేదు నా దగ్గర, అప్పటికే అయిపోయింది. "నీకు తెలుసు కదా. పొద్దున్నే తియ్యి, కుడివైపు తియ్యి అన్నావు. నీకన్నీ తెలుసు."

ఆమె ఒక్కో మాటకీ ఆగుతూ చెప్పింది. "నువ్వు రోజూ దానితో పోట్లాడుతుంటే వినేదాన్నే. రెండు కళ్లూ సమానంగా ఉండాలి, కొప్పు జారకూడదు, చెయ్యి తియ్ అని. అక్కడ కూర్చుని వింటుంటే నాకే చెబుతున్నట్టుండేది." ఊపిరి తీసుకుంది. "నేనూ చూశానే. పొద్దున్నే లేచి, గోడకి మోచేతులు ఆనించి, నడినెత్తికి ముడి వేద్దామని చూసేదాన్ని. చేతులు నిలబడేవి కాదు. ఈ చెయ్యి కూడా తీసేసేదాన్ని. ఎంత బిగబట్టినా తల ఆగేది కాదు. నీ పుస్తకం పాడుచేస్తున్నానని..."

"ఇంక మాట్లాడకు," అన్నాను. ఆమె నోరు మూయించడానికి కాదు, నాకు వినే శక్తి లేక.

ఆమె జుట్టు చూశాను. మెడ మీద చిన్న ముడి, సగం ఊడిపోయి ఉంది. లేచి వెనక్కి వెళ్లి, జడపిన్నులు తీసి నా నోట్లో పట్టుకుని, జుట్టంతా పైకి దువ్వి నడినెత్తిన ముడి వేశాను. నా చేతికి అంత పనితనం లేదు. ఒక పక్కకి ఒరిగింది. పిన్ని చెయ్యి పైకెత్తబోయి, సగంలో దించేసి, "వంకరగా వచ్చింది కదూ?" అంది.

"వచ్చింది."

"తెలుస్తోందిలే."

మళ్లీ ఎదురుగా కూర్చుని ఫోన్ తీశాను. పిన్ని పేరా తెరిచాను. కింద నేను కోపంలో చేర్చిన వాక్యాలన్నీ ఉన్నాయి. ఒక్కొక్కటే కొట్టేశాను. కొత్తవి రాయడం మొదలుపెట్టాను. అలవాటు పోదు కదా, పైకి చదువుతూనే రాశాను.

"కొప్పు ఎక్కడున్నా ఫర్వాలేదు. ఎడమ కన్ను కాస్త వాలి ఉంటుంది. నవ్వినా నవ్వకపోయినా ఆమె ఇష్టం."

పిన్ని కళ్లు మూసుకుని వింటోంది.

"అలిసిపోయినప్పుడు గడ్డం కింద చెయ్యి పెట్టుకుంటుంది."

పిన్ని ఒక కన్ను తెరిచి నావైపు చూసింది. తర్వాత మెల్లగా చెయ్యెత్తి, గడ్డం కింద పెట్టుకుంది.